నవ్వుకి వదిలిన జాగా

సినిమాకి మాటలొచ్చాక కామెడీ చెడిపోయిందని చాలామంది గట్టిగా నమ్ముతారు. చాప్లిన్‌ని సాక్ష్యానికి పిలుస్తారు. హాలీవుడ్ అంతా టాకీల వెంట పడుతుంటే ఆయన 1931లో ‘సిటీ లైట్స్’, 1936లో ‘మోడరన్ టైమ్స్’ దాదాపు సంభాషణలు లేకుండానే తీసి నెగ్గాడు కదా అంటారు. నెగ్గాడు, కాదనను. కానీ అదే కాలంలో, ఆయన స్టూడియోకి కొద్ది మైళ్ల దూరంలోనే, ఇరవై నిమిషాల చిన్న సినిమాలు చేసుకునే లారెల్, హార్డీ అనే ఇద్దరు హాస్యనటులు చప్పుడుతో ఎలా నవ్వించాలో టాకీల్లోకి వచ్చిన మొదటి ఏడాదిలోనే పట్టేశారు. వాళ్ల నటనని అందరూ మెచ్చుకుంటారు. వాళ్ల చెవిని మెచ్చుకున్నవాళ్లు తక్కువ. ఆ లోటు నాకు చాలాకాలంగా మనసులో ఉంది కాబట్టి ఈ రోజు తీరిగ్గా రాస్తున్నాను.

నేను హైదరాబాద్ కృష్ణానగర్‌లో సినిమాలకి సౌండ్ ఎఫెక్ట్స్ పని చేస్తాను. హీరో నడిస్తే బూట్ల చప్పుడు, అత్తగారు విసురుగా లేస్తే పట్టుచీర గరగర, గడియ తీసిన టక్కు, చెంపదెబ్బ, గాజుల గలగల. తెర మీద కదిలే ప్రతిదానికీ మళ్లీ చప్పుడు పుట్టించడం మా బతుకుతెరువు. మా గదిలో ఇసుక తొట్టి ఉంటుంది, గ్రానైట్ పలక ఉంటుంది, ఎవరో ఇల్లు కూలగొడితే తెచ్చుకున్న టేకు తలుపు చట్రంతో సహా ఉంటుంది. తాళాలూ, పాత కారు హారన్లూ, ఇత్తడి గంటలూ పాత సామాన్లమ్మే జుమ్మేరాత్ బజార్‌లో కొన్నవి. అక్కడ నేను వస్తువుని చూసి కొనను. కొట్టి చూసి కొంటాను.

ఇలాంటి పనిలో ఉన్నవాడికి 1929 నుంచి 1935 దాకా హాల్ రోచ్ స్టూడియోలో వచ్చిన లారెల్ హార్డీ చిన్న సినిమాలు పాఠ్యపుస్తకాలు. ఆ మాట ఉత్తినే అనడంలేదు. నా దగ్గర కొత్తగా చేరిన పిల్లలకి మైకు ముట్టుకోనిచ్చే ముందు అవే చూపిస్తాను.

అసలు అప్పట్లో చప్పుడు పట్టడమే ఎంత కష్టమో ముందు చెప్పాలి. వార్నర్ బ్రదర్స్ వారి వైటాఫోన్ పద్ధతిలో బొమ్మ ఫిల్మ్ మీద ఉండేది, చప్పుడు వేరే గ్రామఫోన్ రికార్డు మీద ఉండేది. రికార్డు 16 అంగుళాలు. నిమిషానికి 33⅓ చుట్లు. ముల్లు మన ఇళ్లలో గ్రామఫోన్‌కి మల్లే బయటినుంచి లోపలికి కాకుండా లోపలినుంచి బయటికి నడిచేది. ఒక్కో రికార్డు పదకొండు నిమిషాలు, అంటే వెయ్యి అడుగుల రీలుకి సరిపోయేది. హాల్లో ఫిల్మ్ తెగి కొన్ని ఫ్రేములు పోయాయనుకోండి, ఆపరేటర్ సరిగ్గా అంతే నిడివి నల్ల ఫిల్మ్ అతికించాలి. లేకపోతే అక్కణ్నుంచి ఆ రీలు చివరిదాకా పెదవులు ఒకచోట, మాట ఒకచోట. ముల్లు బరువుకి రికార్డు అరిగిపోయేది కాబట్టి ఎన్నిసార్లు వేశారో టిక్కు పెట్టుకోవడానికి లేబుల్ మీద గళ్లుండేవి. ఇరవై ఆటలు దాటితే కొత్తది తెప్పించుకోవాలి.

ఇంకో సంగతి చాలామందికి తట్టదు. ముందు మాట్లాడింది చిన్న సినిమాలే. తొలి టాకీగా అందరూ చెప్పుకునే ‘ది జాజ్ సింగర్’ వచ్చింది 1927 అక్టోబర్‌లో. అంతకు పద్నాలుగు నెలల ముందే, 1926 ఆగస్టు 6న, న్యూయార్క్‌లో ‘డాన్ జువాన్’ ఆటకి ముందు వైటాఫోన్ పొట్టి సినిమాలు వేశారు. తర్వాత నాటకశాలల్లో జోకులు చెప్పేవాళ్లనీ, పాడేవాళ్లనీ వరసపెట్టి తెచ్చి స్టూడియోలో నిలబెట్టి తీశారు. 1928లో ఫాక్స్ కంపెనీకి హాస్యరచయిత రాబర్ట్ బెంచ్లీ చేసిన ‘ది ట్రెజరర్స్ రిపోర్ట్’ అలాంటిదే. అందులో ఒక పెద్దమనిషి సంఘం జమాఖర్చులు చదవడానికి లేస్తాడు. లెక్క తప్పుతుంది, గొంతు సవరించుకుంటాడు, ఇంకేదో మొదలుపెట్టి మధ్యలో వదిలేస్తాడు. అంతే సినిమా. అపార్ట్‌మెంట్ అసోసియేషన్ జనరల్ బాడీ మీటింగులో కూర్చున్న ఏ హైదరాబాదీకైనా అది పక్కింటాయన్ని చూసినట్టే ఉంటుంది. మూకీలో ఆ హాస్యం పుట్టే వీలే లేదు, ఎందుకంటే అదంతా తడబాటులోనే ఉంది.

కానీ ఇలాంటివాటిలో ఎక్కువ భాగం కదలని సినిమాలు. కెమెరా మోటారు చప్పుడు మైకులో పడకుండా కెమెరాని, కెమెరామన్‌ని కలిపి అద్దం బిగించిన పెట్టెలో పెట్టి తలుపేసేవారు. మైకు పూలకుండీలోనో, బల్లదీపంలోనో దాగి ఉండేది. నటుడు దాని పక్కనుంచి కదిలితే మాట పోయేది. పరుగులూ, పడిపోవడాలూ, గోడలు దూకడాలూ చేసే కామెడీకి ఇది ఉరితాడు లాంటిదే. మూకీలో బతికిన హాస్యనటుల్లో చాలామంది ఇక్కడే నీరుగారిపోయారు.

లారెల్ హార్డీ నీరుగారలేదు. ఎందుకు?

వాళ్ల మొదటి టాకీ ‘అనకస్టమ్డ్ యాజ్ వుయ్ ఆర్’, 1929 మేలో వచ్చింది. హార్డీ తన స్నేహితుడు లారెల్‌ని భోజనానికి ఇంటికి తీసుకొస్తాడు. భార్య (ఆ పాత్రలో మే బుష్) దులిపేస్తుంటే ఆ రభస వినపడకుండా గ్రామఫోన్ పెడతాడు. ఆవిడ తిట్లు క్రమంగా ఆ పాట తాళంలో పడిపోతాయి. టాకీ పుట్టిన కొత్తలో, మైకంటే అందరూ భయపడుతున్న రోజుల్లో, ఈ ఊహ ఎవరికొచ్చిందో గానీ వాళ్లకి దండం పెట్టాలి. అంతకంటే గొప్పది చివర్లో ఉంది. లారెల్ సెలవు తీసుకుని బయటికి వెళతాడు. కెమెరా వెంట వెళ్లదు, హార్డీ దగ్గరే ఉండిపోతుంది. దబదబదబమని మెట్ల మీంచి మనిషి దొర్లిన చప్పుడు. మనకి కనిపించేది హార్డీ ముఖం ఒక్కటే.

మెట్ల మీంచి పడటం మూకీల్లో అరిగిపోయిన సరుకు. దాన్ని చూపించకుండా వినిపించేసరికి మళ్లీ కొత్తదైపోయింది. ఎన్ని మెట్లు, ఎలా పడ్డాడు, తల తగిలిందా నడుం తగిలిందా అన్నదంతా చూసేవాడే ఊహించుకుంటాడు. ఎవరి ఊహకి తగ్గ లారెల్ వాళ్ల తలలో పడతాడు. ఆ సినిమా రికార్డులు పోయి చాలా ఏళ్లు అది మూగదిగానే మిగిలింది. 1970ల చివర్లో చప్పుడు మళ్లీ దొరికింది. చప్పుడు లేకుండా ఆ చివరి దృశ్యం చూసినవాళ్లకి ఏం అర్థమై ఉంటుందో నాకు ఊహకందదు.

అదే ఏడాది ‘పర్‌ఫెక్ట్ డే’ వచ్చింది. ఓ కుటుంబం కారులో పిక్నిక్‌కి బయల్దేరుతుంది, వీధి దాటదు. టైరు పోతుంది, దిగుతారు, ఎక్కుతారు. ఎక్కిన ప్రతిసారీ ఇరుగుపొరుగు వాళ్లతో ‘గుడ్ బై’లు మొదలు. వీళ్లు అనడం, వాళ్లు అనడం, మళ్లీ వీళ్లు. కారు మాత్రం కదలదు. గేటు దగ్గర నిలబడి ‘వెళ్లొస్తాం’, ‘మంచిది’, ‘వెళ్లొస్తాం మరి’, ‘ఫోన్ చెయ్యండి’ అని అరగంట లాగే మన బంధువుల ఇళ్లల్లో పెరిగినవాళ్లకి ఎవరూ వివరించక్కర్లేదు. అందులోనే హార్డీ కోపంతో కారు క్లచ్చు తీసి లారెల్ నెత్తిన కొడితే ఖంగుమని ఇనుము మోగుతుంది. మనిషి నెత్తి అలా మోగదు. ఎఫెక్ట్స్ వాడికి ఆ ఒక్క చప్పుడు పెద్ద స్వేచ్ఛాపత్రం. తెర మీద ఉన్నదానికి నిజంగా వచ్చే చప్పుడే వేయాలన్న రూలు, టాకీ పుట్టిన ఏడాదిలోనే వాళ్లు దాటేశారు.

ఇప్పుడు అసలు సంగతికొస్తాను.

1927లో, ఇంకా మూకీల కాలంలో, ఈ జంటే ‘హ్యాట్స్ ఆఫ్’ అని ఒక సినిమా చేసింది. బట్టలుతికే మెషిన్ అమ్మేవాళ్లుగా ఆ మెషిన్ని లాస్ ఏంజెలెస్‌లోని సిల్వర్ లేక్ ప్రాంతంలో ఒక పొడవాటి మెట్లవరస మీదకి మోస్తారు. ఆ సినిమా ఇప్పుడు లేదు, ఒక్క ప్రింటూ దొరకలేదు. 1932లో మళ్లీ అవే మెట్లు ఎక్కారు. వెండోమ్ వీధిలో 133 మెట్లు, ఇప్పటికీ ఉన్నాయి. ఈసారి మోసింది పియానో. సినిమా పేరు ‘ది మ్యూజిక్ బాక్స్’, దర్శకుడు జేమ్స్ పారట్, నిడివి దాదాపు అరగంట. చిన్న కామెడీ సినిమాలకి ఆస్కార్ ఇవ్వడం ఆ ఏడాదే మొదలైంది, మొట్టమొదటిది దీనికే వచ్చింది.

బట్టల మెషిన్ తీసేసి పియానో ఎందుకు పెట్టారు? నా మటుకు నాకు ఇది టాకీ చరిత్రలోనే పెద్ద నిర్ణయాల్లో ఒకటి. మెషిన్ బరువుని కంటితో చూడాలి. పియానో బరువు వినపడుతుంది. చెక్కపెట్టెలో బిగించి ఉన్న పియానో ఒక మెట్టుకి తగిలిందంటే ముందు పెట్టె దబ్బుమంటుంది, ఆ వెనకే లోపలి తీగలన్నీ ఒక్కసారి ఝుమ్మని మూలుగుతాయి. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని వినండి. దబ్బు చిన్నది, మూలుగు పొడవైంది. పెట్టె ఆగాక కూడా మూలుగు కాసేపు ఉంటుంది. హార్డీ కళ్లు మూసుకుని భరించేది ఆ మూలుగునే. పెట్టె జారిపోయి కిందికి దొర్లుతున్నప్పుడు, దూరం పెరిగేకొద్దీ ఆ చప్పుళ్లు సన్నబడతాయి. చివరికి రోడ్డుకి చేరినప్పుడు దానికి నొప్పి పుట్టిందనే అనిపిస్తుంది. ఒక సామానుకి ప్రాణం పోయడమంటే ఇదే. ఇందులో మూడో హాస్యనటుడు ఆ పియానో.

కథ చెబితే పోయేదేం లేదు, తెలిసి చూసినా నవ్వొస్తుంది. మధ్యలో పిల్లబండి తోసుకుంటూ ఆయా, ఆ తర్వాత పోలీసు, ఆ తర్వాత దారికి అడ్డం తప్పుకోమని అరిచే ప్రొఫెసర్. ఎలాగోలా పైకి చేరాక పోస్ట్‌మన్ వచ్చి, వెనక రోడ్డుందిగా, బండి మీద నేరుగా పైకి రావచ్చుగా అంటాడు. ఇద్దరూ పియానోని మెట్ల మీంచి మళ్లీ కిందికి దించి, బండికెక్కించి, రోడ్డు మీదుగా తెస్తారు. ఆ ఇల్లు ఆ ప్రొఫెసర్‌దే. పియానో అంటే ఆయనకి ఒళ్లుమంట. బిల్లీ గిల్బర్ట్ ఆ పాత్రలో తుమ్మినట్టు కోప్పడతాడు.

పోయిన వేసవిలో చిక్కడపల్లిలో మా అపార్ట్‌మెంట్ టెర్రస్ మీద దీన్ని వేశాను. నీళ్లట్యాంకు గోడకి తెల్ల దుప్పటి కట్టాం, చిన్న ప్రొజెక్టర్, నా స్పీకర్లు. పిల్లలు చాపల మీద, పెద్దవాళ్లు ప్లాస్టిక్ కుర్చీల్లో. రెండో అంతస్తు మామ్మగారికి ఇంగ్లీషు రాదు. “నాకేం అర్థమవుతుంది నాయనా, నేను గాలికొచ్చా” అంటూనే ముందు వరసలో కూర్చున్నారు. పియానో మొదటిసారి జారగానే ఆవిడ “అయ్యో, అయ్యో, పట్టుకోండర్రా!” అని గట్టిగా అరిచారు. అప్పటిదాకా ఫోన్లు చూసుకుంటున్నవాళ్లు కూడా తలెత్తారు. మూడోసారి జారేసరికి పిల్లలు తెరకంటే ఆవిణ్నే ఎక్కువ చూస్తున్నారు.

ఆ రోజు నేను ఒక సంగతి చెవితో విన్నాను. ఇదే సినిమాని స్టూడియోలో ఒక్కణ్నీ కూర్చుని చూసినప్పుడు మధ్యలో కొన్నిచోట్ల లాగినట్టుండేది. ఒక దెబ్బ తగిలాక హార్డీ నేరుగా కెమెరా వైపు చూస్తాడు. చూస్తూనే ఉంటాడు. మాట లేదు, కదలిక లేదు. ఎడిటర్ కత్తిరించి ఉండాల్సింది కదా అనిపించేంతసేపు. టెర్రస్ మీద ఆ చూపు వచ్చినప్పుడు జనం నవ్వుతున్నారు. నవ్వు లేచి, ఊపందుకుని, తగ్గుముఖం పట్టేదాకా హార్డీ అలాగే చూస్తున్నాడు. నవ్వు సద్దుమణిగింది, తర్వాతి మాట పడింది. ఒక్క మాట కూడా నవ్వులో కొట్టుకుపోలేదు.

ఇది అదాటున జరిగింది కాదు. రోచ్ స్టూడియో వాళ్లు సినిమా విడుదలకి ముందు మామూలు థియేటర్లలో మామూలు జనానికి వేసి, ఎక్కడ ఎంతసేపు నవ్వుతున్నారో చూసుకునేవారు. ఎడిటింగులో లారెల్ కూర్చునేవాడు. అతను ఇంగ్లాండులో ఫ్రెడ్ కార్నో నాటక బృందంలో చాప్లిన్‌తో కలిసి పనిచేసినవాడు. జనం నవ్వు ఎంతసేపు నిలుస్తుందో స్టేజీ మీద ఒంటికి పట్టించుకున్న మనిషి. మూకీలో ఈ చిక్కు లేదు, జనం ఎంత నవ్వినా పోయేదేం ఉండదు. టాకీలో నవ్వు మాటని మింగేస్తుంది. అందుకని నవ్వుకి జాగా వదిలారు. ఎక్కడా మాట, మ్యూజిక్, చప్పుడు తోసుకురాని ఖాళీ జాగా. అందరూ చప్పుడు కోసం ఎగబడుతున్న కాలంలో వాళ్లు నిశ్శబ్దాన్ని కొలిచి కోసుకున్నారు.

దీనికి సరిగ్గా ఎదురు దారి త్రీ స్టూజెస్ అనే ముగ్గురు అమెరికన్ హాస్యనటుల జట్టుది. 1934 నుంచి 1959 దాకా కొలంబియా కంపెనీకి 190 చిన్న సినిమాలు చేశారు. కళ్లల్లో వేళ్లు పొడిస్తే తీగ మీటిన చప్పుడు, చెవి మెలిపెడితే రాచెట్ (పళ్ల చక్రం) తిరిగిన గరగర, పొట్టలో గుద్దితే డప్పు. మా వృత్తివాళ్లకి పండగే. వాళ్ల మీద గౌరవం ఉంది, ఇష్టం కొంచెం తక్కువ. ప్రతి దెబ్బకీ చప్పుడుంటే ఏ దెబ్బా గుర్తుండదు.

మన దగ్గర ఇలాంటి విడి చిన్న సినిమాల సంప్రదాయం పెద్దగా నిలబడలేదు. 1932 ఫిబ్రవరి 6న తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ వచ్చింది, ఆ వెంట పురాణాలు, పద్యాలు, పాటలు. హాస్యం పెద్ద కథ లోపలే ఒక ట్రాక్‌గా ఒదిగిపోయింది. లావుపాటి రేలంగి, పుల్లలాంటి రమణారెడ్డి పక్కపక్కన నిలబడితేనే సగం పని అయిపోయేది. కానీ అసలు కథ ఆపి కాసేపు నవ్వించి పంపడం మనకి కొత్తేం కాదు. తోలుబొమ్మలాటలో రాముడూ రావణుడూ యుద్ధం మధ్యలో ఉండగా హాస్యపు బొమ్మలు కేతిగాడూ బంగారక్కా దూకి వచ్చేవారు. తెర వెనక కాలికింద చెక్క బల్లలు టకటకలాడించి దెబ్బలకి చప్పుడు వేసిన ఆ ఆటగాళ్లే నా లెక్కలో మా వృత్తికి పెద్దలు.

హైదరాబాద్ డబ్బింగ్ ఊరు కూడా కాబట్టి ఇదొకటి చెప్పకుండా ఉండలేను. డబ్బింగ్ ఇంకా కుదరని ఆ తొలి రోజుల్లో లారెల్ హార్డీ ఒకే సినిమాని స్పానిష్‌లో, ఫ్రెంచ్‌లో, జర్మన్‌లో మళ్లీ మళ్లీ నటించేవారు. ఆ భాషలు వాళ్లకి రావు. పలకాల్సినదాన్ని ఇంగ్లీషు ఉచ్చారణలో బోర్డు మీద రాసి కెమెరా పక్కన పెడితే చూసి చదివేవారు. ఆ వంకర యాస జనానికి ఎంత నచ్చిందంటే, తర్వాత ఇటలీలో డబ్బింగ్ చెప్పినప్పుడు కూడా కావాలనే ఇంగ్లీషువాడి యాసలో చెప్పించారు. అక్కడ హార్డీకి గొంతిచ్చింది ఆల్బెర్టో సోర్డి, తర్వాత ఆయనే ఇటలీలో పెద్ద స్టార్.

1930ల మధ్యకొచ్చేసరికి ఆర్థికమాంద్యంలో జనాన్ని లాగడానికి అమెరికా హాళ్లు ఒకే టికెట్టు మీద రెండు పెద్ద సినిమాలు వేయడం మొదలుపెట్టాయి. చిన్న సినిమాకి చోటు పోయింది. లారెల్ హార్డీ 1935లో వాటిని ఆపేసి పెద్ద సినిమాలకే మళ్లారు. అవి కూడా బాగుంటాయి గానీ, పాటలూ ప్రేమజంటలూ మధ్యలో దూరి వీళ్ల ఊపిరి తీసేస్తాయి. ఇరవై నిమిషాలే వాళ్ల అసలు కొలత.

ఇప్పుడు మా దగ్గర ఒక కామెడీ సినిమా నడుస్తోంది. అందులో మామగారు కొత్త అల్లుడి ముందు కుర్చీలో కూర్చుంటే కుర్చీ కాలు విరుగుతుంది. ఆ తర్వాత అల్లుడు కదలకుండా మామగారినే చూసే షాటు మూడు సెకన్లుంది. కుర్చీకి నేను పాత టేకు కుర్చీ కాలునే విరిచి చప్పుడు పట్టాను. ముందు సన్నగా పెటపెట, ఆ తర్వాత ఒకే ఒక్క ఫట్టు. డైరెక్టర్‌గారికి నచ్చింది. కానీ ఆ మూడు సెకన్ల చూపు మీద “టొయ్ంగ్ వేద్దాం, ఖాళీగా ఉంది, జనం బోర్ ఫీలవుతారు” అన్నారు. “సార్, అక్కడే నవ్వుతారు, నవ్వనివ్వండి” అన్నాను. రీరికార్డింగ్‌లో ఎలాగూ మ్యూజిక్ పడుతుందిలే అన్నారు. టెన్షన్ ఆయనది ఆయనకుంది, రిలీజ్ డేటు దగ్గరపడింది. ఫోన్‌లో ఒంటరిగా చూసేవాడి కోసం మిక్స్ చేయాలా, హాల్లో నాలుగొందలమందితో చూసేవాడి కోసం చేయాలా అన్నది ఈ రోజుల్లో నిజంగా తేలని లెక్కే.

రెండు వెర్షన్లూ సిద్ధం చేసి పెట్టాను, టొయ్ంగ్‌తో ఒకటి, ఏమీ లేకుండా ఒకటి. ఈ ఆదివారం డైరెక్టర్‌గారిని టెర్రస్ మీదకి పిలిచాను, వస్తానన్నారు. ‘బిజీ బాడీస్’ వేస్తున్నాను. 1933 నాటిది, రంపాల మిల్లు కథ, చివర్లో పెద్ద రంపం కారుని నిలువునా రెండు ముక్కలు చేస్తుంది. దాని తర్వాత, ఎవరికీ ముందు చెప్పకుండా, మా కుర్చీ సీను రెండు రకాలుగానూ వేస్తాను. చిక్కడపల్లి చుట్టుపక్కల ఉన్నవాళ్లు రండి, ఎంతమంది వస్తే అంత మంచిది. ఏడున్నరకి మొదలుపెడతాం. చాప మీరే తెచ్చుకోవాలి.